డ్రమ్మీ అని రాయాల్సిన చోట

రెండు వేల ఎనిమిది వానాకాలం మొదట్లో నన్ను గోదావరి ఒడ్డున ఉన్న ఒక భూగర్భ బొగ్గు గనికి ఓవర్‌మన్‌గా బదిలీ చేశారు. అప్పటికి అది కరీంనగర్ జిల్లా. గని పేరు రాయను. అక్కడ జరిగినదాంట్లో గని తప్పు కంటే నా తప్పే ఎక్కువ. ఓవర్‌మన్ ఉద్యోగం బయటివాళ్ళకు తెలియదు కాబట్టి రెండు మాటల్లో చెబుతాను. ఒక షిఫ్టులో గనిలోని ఒక భాగమంతా అతని చేతి కింద ఉంటుంది. అతని పైన అండర్ మేనేజర్, ఆ పైన మేనేజర్. అతని కింద మైనింగ్ సర్దార్లు. కార్మికులు పని స్థలంలో అడుగు పెట్టకముందే సర్దార్ వెళ్ళి గాలి, పైకప్పు, పక్క గోడలు పరీక్షించి, బాగుందని పుస్తకంలో సంతకం చేయాలి. ఆ సంతకం పడకుండా అక్కడ ఎవరూ పనిముట్టు పట్టకూడదు.

ఆ పుస్తకంలో తరచుగా రాయాల్సి వచ్చే ఇంగ్లీషు విశేషణం ఒకటుంది: డ్రమ్మీ. ఇంగ్లీషులో దిట్టలైన లాయర్లూ లెక్చరర్లూ కూడా ఈ మాట ఎన్నడూ వినలేదని నాతో అన్నారు. పైకప్పు బండను ఇనుప గడతో కొడితే, ఆ బండ తన పై పొరను గట్టిగా పట్టుకుని ఉన్నప్పుడు ఖంగుమంటుంది. పొర విడిపోయి మధ్యలో సందు పడితే డుబ్బుమంటుంది. అలా డుబ్బుమనే కప్పును డ్రమ్మీ అంటారు. అంగట్లో కుండ కొనేటప్పుడు వేలితో కొట్టి చూడడం లాంటిదే, కాకపోతే ఈ కుండ మన నెత్తి మీద ఉంటుంది. మా కార్మికులకు ఇంగ్లీషు మాటతో పని లేదు, వాళ్ళు డొల్ల అంటారు. ఇళ్ళు కట్టే ఇంజనీర్లు కూడా గోడ వదిలేసిన ప్లాస్టరుకు ఇదే మాట వాడతారని రిటైరయ్యాక తెలిసింది.

ఈ మాట వాడకంలో ఒక చిక్కుంది. డ్రమ్మీ అని రాసిన చోట ఆ బండను గుంజి దించాలి, లేదా దాని కింద దుంగలు నిలబెట్టాలి. అప్పటిదాకా బొగ్గు ఆగుతుంది. బొగ్గు ఆగితే పైవాళ్ళు అడుగుతారు. అందుకని కొందరు సర్దార్లు 'కొంచెం డ్రమ్మీ' అని రాసేవారు. మా మేనేజర్ ఒకసారి ఆ పేజీ చూసి, కొంచెం చచ్చిపోయినవాణ్ణి ఎక్కడన్నా చూసినవా అని అడిగాడు. అప్పటినుంచి మా గనిలో ఈ మాటకు ముందు ఇంకో మాట చేర్చడం మానేశాం.

డ్రమ్మీ అర్థాన్ని నేను సర్టిఫికెట్ పరీక్ష కోసం కాగజ్‌నగర్‌లో మా ఇంట్లో కూర్చుని బట్టీ పట్టాను. దాని చప్పుడును మాత్రం రాజయ్య దగ్గర నేర్చుకున్నాను. రాజయ్య నా కింద పనిచేసే సర్దార్, కానీ వయసులో నాకంటే పదేళ్ళు పెద్ద. ధర్మపురి దగ్గరి పల్లె నుంచి వచ్చి, తట్ట మోసి బొగ్గు నింపే పనితో మొదలుపెట్టి, ముప్పై దాటాక పరీక్ష రాసి సర్దార్ అయ్యాడు. కుడిచేత్తో గడ పట్టి కొట్టేవాడు, అదే సమయంలో ఎడమ అరచేతిని కప్పుకు ఆనించి పెట్టేవాడు. విడిపోయిన బండ దెబ్బకు సన్నగా వణుకుతుంది, ఆ వణుకు అరచేతికి తెలుస్తుంది. పుస్తకంలో కూడా ఈ పద్ధతి ఉంది, కానీ చేసేవాళ్ళు తక్కువ. నేను చేరిన మొదటి వారంలోనే ఆయన నా చెయ్యి పట్టుకుని కప్పుకు ఆనించాడు.

"పలికే బండను నమ్మాలె సార్. పలుకకుంట కూసున్నదాన్ని నమ్మద్దు," అన్నాడు. "పక్కపొంటి డ్రిల్లు నడుస్తుంటె చెవి మోసం జేస్తది. చెయ్యి జెయ్యది."

ఇంకొకతని గురించి కూడా చెప్పాలి. అతని పేరు యాకూబ్, టింబర్‌మన్. కప్పు కింద దుంగలు నిలబెట్టి బిగించే పని అతనిది. గని ఉన్న ఊళ్ళోనే పుట్టి పెరిగినవాడు, తెలుగులోకి ఉర్దూ, ఉర్దూలోకి తెలుగు కలిపి మాట్లాడేవాడు. దుంగ పెట్టకముందు ఎవరైనా ఆ కప్పు కిందికి వస్తే ఊరుకునేవాడు కాదు. మేనేజరైనా సరే, "జర అవుతల నిలవడుండ్రి సాబ్, దుంగ వెట్టినంక కావాల్నంటె ఈడనే పండుకోండ్రి," అనేవాడు. సర్దార్ చూసి వెళ్ళిన చోట కూడా తను మళ్ళీ ఒకసారి కొట్టి చూసుకోవడం అతని అలవాటు.

గని లోపల ఒక మర్యాద ఉంటుంది. టోపీకి ఉన్న దీపం వెలుగు ఎదుటివాడి మొహం మీద పడనీయకూడదు, కళ్ళు బైర్లు కమ్ముతాయి. మాట్లాడేటప్పుడు తల కాస్త పక్కకు తిప్పుకుంటాం. ఆ వానాకాలంలో రాజయ్య ఈ మర్యాద తప్పసాగాడు. ఎవరు మాట్లాడినా నేరుగా వాళ్ళ నోటి మీద వెలుగు వేసేవాడు. "రాజన్నకు ఈ నడుమ మా మొఖాలు మస్తు నచ్చుతున్నయ్ సాబ్, పెండ్లిచూపులకు వచ్చినట్టు చూస్తుండు," అన్నాడు యాకూబ్ ఓ రోజు. అందరితో పాటు నేనూ నవ్వాను. ఇంటికి వెళ్ళి స్నానం చేస్తుంటే తట్టింది. రాజయ్య చూస్తున్నది మొహాలు కాదు, పెదవులు.

మర్నాడు షిఫ్టు దిగాక క్యాంటీన్ వెనక అడిగాను. ఆయన దాచలేదు. ఇరవై తొమ్మిదేళ్ళ డ్రిల్లులూ పేలుళ్ళూ చెవులను తినేశాయి. ఎడమది పూర్తిగా పోయింది, కుడిదాంట్లో కొద్దిగా మిగిలింది.

"చెవి వోయింది నిజమే సార్. చెయ్యి వోలే. కావాల్నంటె సూడుండ్రి."

చూశాను. ఆ వారం రోజులూ ఆయన పరీక్షించిన చోటల్లా వెనకే వెళ్ళి నేనూ పరీక్షించాను. ఆయన ఎక్కడా తప్పలేదు. ఒకచోట నా చెవికి ఖంగుమన్న బండను ఆయన డొల్ల అన్నాడు, గుంజి దించితే వెనక వేలు దూరేంత సందు కనిపించింది. నిబంధన ప్రకారం నేను అండర్ మేనేజర్‌కు కాగితం రాసి, ఆయన్ను వైద్య పరీక్షకు పంపాలి. పంపితే గని దిగనివ్వరు. గని మీద, షిఫ్టుకు వెళ్ళేవాళ్ళకు టోపీ దీపాలు ఇచ్చే దీపాల గదిలో కూర్చోబెడతారు. ఆయనకు పదకొండు నెలల సర్వీసు మిగిలింది. "దీపాల రూంల కూసుండవెట్టకుండ్రి సార్. బాయిలకు వోయినోన్ని, బాయిల నుంచే దిగివోత," అన్నాడు. మా వైపు గనిని బాయి అంటారు, రిటైర్ కావడాన్ని దిగిపోవడం అంటారు. ఆయన చెయ్యి నా చెవి కంటే నయమని నా కళ్ళతో చూశాను కదా అనుకుని నేను కాగితం రాయలేదు.

బతుకమ్మకు వారం ముందు, మొదటి షిఫ్టు. గనిలో బొగ్గు తీసే ఒక్కో భాగాన్ని ప్యానెల్ అంటారు. రెండో ప్యానెల్ సర్దార్ కొండగట్టుకు మొక్కు తీర్చుకోవడానికి వెళ్ళి ఆ రోజు రాలేదు. హాజరీ దగ్గర మనుషులను సర్దుతూ, ఈ ఒక్కరోజుకు రెండో ప్యానెల్ చూడమని రాజయ్యకు చెప్పాను. అప్పటిదాకా ఆయన పనిచేసింది ఒకటో ప్యానెల్లో. అక్కడ కప్పు చేతికి అందుతుంది. రెండో ప్యానెల్లో దారిని ఎత్తు చేసి బొగ్గు తీశారు, కప్పు దాదాపు పదకొండు అడుగుల ఎత్తున ఉంటుంది.

రాజయ్య వెళ్ళబోయి వెనక్కి తిరిగాడు. చుట్టూ ముప్పై మంది ఉన్నారు. "అది జర ఎత్తుంటది గద సార్," అన్నాడు.

"పొడుగు గడ తీసుకపో రాజన్నా," అన్నాను నేను, రిజిస్టరులోంచి తల ఎత్తకుండానే, మూలనున్న పొడుగు గడ వైపు కలం చూపిస్తూ.

ఈ సంభాషణ అంతే. ఆయన చెప్పగలిగినంత చెప్పాడు. అంతమందిలో అంతకంటే ఎక్కువ చెప్పలేడు. కప్పు ఎత్తు పెరిగితే అరచెయ్యి అందదనీ, అరచెయ్యి అందకపోతే ఆయన దగ్గర ఇక పరీక్షించే సాధనమే లేదనీ ప్రపంచంలో తెలిసిన రెండోవాణ్ణి నేను. నాకు గడ పొడుగు గుర్తొచ్చింది, ఆయన చెయ్యి గుర్తు రాలేదు.

రాజయ్య పొడుగు గడతో కొట్టి చూశాడు. పుస్తకంలో కప్పు బాగుందని రాసి సంతకం పెట్టాడు. పదకొండు గంటల ప్రాంతంలో మంచమంత బండ ఒకటి విడిపోయి, దుంగ నిలబెడుతున్న యాకూబ్ మీద పడింది. నేను వెళ్ళేసరికి నలుగురు కలిసి బండను పైకి లేపుతున్నారు. రాజయ్య వట్టి చేతులతో లేపుతున్నాడు, ఆయన గోళ్ళలోంచి రక్తం కారుతోంది. స్ట్రెచర్ మీద గని పైకి చేర్చేలోపే యాకూబ్ ప్రాణం పోయింది. అతని దీపం మాత్రం వెలుగుతూనే ఉంది, దాన్ని నేనే ఆర్పాను.

పక్కన పనిచేస్తున్నవాణ్ణి తర్వాత అడిగాను, యాకూబ్ రోజూలాగా తను ఒకసారి కొట్టి చూసుకోలేదా అని. లేదన్నాడు. "రాజన్న కొట్టిచూసిండు, ఇగ ఫికర్ లేదు," అన్నాడట యాకూబ్, గడను గోడకు ఆనించి.

జనాజాకు షిఫ్టంతా వెళ్ళాం. మరునాడు వాళ్ళింటికి వెళ్ళినప్పుడు యాకూబ్ భార్య తలుపు వెనక నుంచి ఒక్క మాటే అడిగింది. "రాజన్న జూసిండంట గద సారూ, మరి ఎట్ల వడ్డది?" నాకు జవాబు తెలుసు. ఆమె ఏడవలేదు, నిజంగా తెలుసుకోవాలనే అడిగింది, అందుకే అక్కడ నిలబడలేక వచ్చేశాను.

ప్రాణం పోయిన ప్రమాదానికి గనుల భద్రత అధికారి వచ్చి విచారణ చేస్తారు. మేనేజర్ గదిలో కూర్చుని ఒక్కొక్కరినీ పిలిచారు. నన్నూ రాజయ్యనూ కలిపి పిలిచారు. అధికారి పుస్తకంలోకి చూస్తూ అడిగేవాడు. తల దించి ఉండటంతో రాజయ్యకు ఆయన పెదవులు కనబడలేదు. ప్రతి ప్రశ్నకూ రాజయ్య నా వైపు తిరిగేవాడు, నేను ఆ ప్రశ్నను మళ్ళీ చెప్పేవాణ్ణి. మూడోసారికి అధికారి కలం పక్కన పెట్టి తల ఎత్తాడు. ఈయనకు ఏమన్నా ఇబ్బంది ఉందా, ఉంటే మీకు తెలుసా అని సూటిగా నన్నే అడిగాడు.

నేను నోరు తెరిచాను. ఏం చెప్పబోయానో ఈరోజుకీ నాకు తెలియదు. ఈ ప్రశ్న మాత్రం రాజయ్యకు ఎవరూ మళ్ళీ చెప్పాల్సిన అవసరం రాలేదు.

"నాకు చెవులు ఇనవడయి సార్," అన్నాడు. "రెండేండ్లాయె. ఎవ్వలకు చెప్పలే. ఓర్‌మన్ సారుకు సుత తెల్వది."

అధికారి నా వైపు చూశాడు. నేను టేబుల్ వైపు చూశాను. ఆయన ఆ మాటలను ఇంగ్లీషులోకి మార్చి రాసుకుని, చదివి వినిపించి, ఇద్దరి చేతా సంతకాలు చేయించాడు.

రాజయ్య సర్టిఫికెట్ రద్దయింది. మిగిలిన నెలలు దీపాల గదిలో కూర్చున్నాడు. ప్రతి షిఫ్టుకూ నేను ఆ కిటికీ దగ్గరికి వెళ్ళి నా దీపం తీసుకునేవాణ్ణి. ఒకసారి అక్కడ ఎవరూ లేనప్పుడు, నేను వెళ్ళి అధికారికి నిజం రాసిస్తానని, ఆయనకు కనబడేలా నిదానంగా చెప్పాను. "గిప్పుడెందుకు సార్. యాకూబ్ లేసి వస్తడా?" అని నా చేతిలో దీపం పెట్టాడు. ఆయన వద్దన్నాడనే సాకు నాకు చాలింది. ఆ ఒక్క అబద్ధం మీద నేను ఇంకా పదకొండేళ్ళు సర్వీసు చేసి, అండర్ మేనేజర్‌గా రిటైరయ్యాను. రాజయ్య అంతకంటే చాలా ముందే పోయాడు.

తర్వాతి ఏళ్ళలో కొత్త సర్దార్లకు శిక్షణ ఇచ్చే పని నాకు పడింది. డ్రమ్మీ అన్నది బండ గుణమని పుస్తకాల్లో ఉంటుంది. నేను అలా చెప్పలేదు. బండ, గడ, ఎత్తు, కొట్టి వినే మనిషి, ఇవన్నీ కలిస్తేనే ఆ మాట తేలుతుందని చెప్పాను. కప్పు ఎలా ఉందని అడిగే ముందు, ఎవరు విన్నారు, చెయ్యి ఎక్కడ పెట్టారు అని అడగమన్నాను. కింది మనిషి ఒక పనిచోటు గురించి గొణిగితే, రిజిస్టరు మూసి, పక్కకు పిలిచి, కారణం పూర్తిగా వినమన్నాను. ఈ పాఠం నాకు ఎక్కడ దొరికిందో మాత్రం వాళ్ళకు చెప్పలేదు.

విచారణ కాగితాల్లో, సర్దార్ వినికిడి లోపం సంగతి ఓవర్‌మన్‌కు తెలియదని ఉంది. దాని కింద నా సంతకం ఉంది. అది తప్పు. నాకు తెలుసు.