నేను స్వామిని గాని ముచ్చట

గా దినాలల్ల మా దిక్కు పోరగాండ్లకు రెండే తొవ్వలుండె. ఒకటి కంపెనీ గేటు, రెండోది కంపెనీ గేటు ముందలి చాయి హోటలు. పటాన్‌చెరు నుంచి జిన్నారం దాకా చిమ్నీలు మొలుస్తున్న కాలం. పొద్దుగాల లేస్తే గాలి ఎటు మళ్లితే అటు వాసన. ఇయ్యాల ఏ కంపెనీల ఏం ఉడుకుతున్నదో మా బాపు వాకిట్ల నిలవడి ముక్కుతోనే చెప్పెటోడు. (ముక్కును సూసి నౌకరి ఇచ్చేటట్టుంటే బాపు మేనేజర్ అయ్యేటోడు.) నాకు మాత్రం మూడో తొవ్వ దొరికింది. పందొమ్మిదేండ్ల ఈడుల నేను ఒక మఠానికి స్వామిని అయ్యేటోడినని ఇప్పుడు చెప్తే, అమీన్‌పూర్‌ల మా అపార్టుమెంటు వాచ్‌మన్ సుత నవ్వుతడు. నవ్వనీ. నాకు సుత నవ్వే వస్తది, కాని గొంతుల దాకా వచ్చినంక చేదైతది.

మేము జంగమోళ్లం. పెండ్లికీ చావుకూ ఇబూతి వెట్టి, శంఖం ఊది, వెట్టింది తినొచ్చే ఇల్లు మాది. ఇంత పొలం ఉండె గాని బోరుల నీళ్లు పసుపు రంగు తిరిగినంక వరి ఎదుగుడు బందు వెట్టింది. నేను కంపెనీల టెంపరరీగ చేరిన, టెంపరరీగనే బయటికొచ్చిన. మా ఊరి గుట్ట కింద ఒక పాత మఠం ఉండె. దానికి పెద్దస్వామి. సన్నగ, నల్లగ, కండ్లల్ల ఎప్పుడూ ఏదో ఎకసెక్కం దాచుకున్నట్టుండె మనిషి. ఆయన ఆశీర్వాదం లేంది ఊర్ల నాగలి కదలకపోయేది. మఠం కమిటీకి పెద్ద మాత్రం లారీల పటేల్. కంపెనీ డ్రమ్ములు మోసేటియన్నీ ఆయన లారీలే. పగలు డ్రమ్ములు నింపుకొని పోతుండె. యాడ గుమ్మరించి వస్తున్నయో వాగుల సచ్చిన చేపలకే ఎరుక.

ఒకనాడు ఊరంతా గూడిన కాడ పెద్దస్వామి లేచి అన్నడు, "వాగు నీళ్లు బర్రెలు సుత ముడుతలేవు. పోయి కంపెనీ గేటు కాడ కూసోండ్రి. నేను సుత వచ్చి కూసుంట. కూసునుడు నాకు బాగ అలవాటు." జనం చప్పట్లు కొట్టిండ్రు. తెల్లారేసరికి మఠం తలుపుకు కమిటీ బోర్డు పడ్డది: స్వామివారికి ఆరోగ్యం బాగలేదు, దర్శనం లేదు. తనకు రోగమొచ్చిందని స్వామికి సుత ఆ బోర్డు చదివినంకనే తెలిసింది.

గిట్ల రోగమొచ్చిన స్వామికి వారసుడు గావాలె గద. పటేల్ మా ఇంటికొచ్చిండు. "జంగమయ్యా, నీ కొడుక్కు పట్టం గడ్దాం. మనిషి ఎత్తున్నడు, గొంతున్నది, ఎదురు మాట్లాడడు." (మూడు గుణాలల్ల రెండు ఎద్దుకు సుత ఉంటయని నాకప్పుడు తట్టలేదు.) బాపు మొఖం వెలిగిపోయింది. ఎండిన పొలం ముందల కూసున్నోనికి కొడుకు స్వామి అయితడంటే తక్కువా? అమ్మ బియ్యం కడుక్కుంట ఒక్కటే అడిగింది, "పోరన్ని ఇంటికి ఎప్పుడెప్పుడు పంపుతరు పటేలా?" పటేల్ నవ్విండు. "స్వామికి ఇల్లేంది తల్లీ?" అమ్మ చేతుల బియ్యం అట్లనే ఆగింది. ఎవ్వరూ సూడలే. నేను సూసిన గాని, కాషాయంల నేనెట్ల కనవడ్తనో అని అద్దం దిక్కు పోయిన.

పట్టానికి ముందు నేర్సుకోనీకి నన్ను మఠంల ఉంచిండ్రు. స్వామి బతుకంటే గుండు, కాషాయం, పల్లకి అనుకున్న. కాదు, కూసునుడు. చీకటితోనే సల్లనీళ్ల స్నానం, పూజ, ఆ తర్వాత పీట మీద కూసునుడు. ఈగ వాలితే కొట్టొద్దు. వీపుల దురద వెడితే గోకొద్దు. తుమ్ము వస్తే మింగాలె. "ఇయ్యాల ఏం నేర్చినవ్ రా?" అని పెద్దస్వామి అడిగెటోడు. "కూసునుడు, స్వామీ." "అసలు చదువు గదే. మిగతాది సంస్కృతం." పూజల కాడ ఆయన పుస్తకంలెక్క మాట్లాడెటోడు, తలుపు ముయ్యంగనే మా ఊరోడైపోయెటోడు. సోమవారాలు మాత్రం జనాన్ని లోపలికి ఇడిసిపెట్టెటోళ్లు, పటేల్ మనిషి పక్కన కూసున్నంక. ఒకామె మొగడు తాగుతడని ఏడ్సేది, ఒకామె బిడ్డ ఒంటి నిండ దద్దులని సూపెట్టేది. స్వామి ఇబూతి ఇచ్చుకుంట మెల్లగ అనెటోడు, "గిది నొసలుకు వెట్టు, బిడ్డను సంగారెడ్డి సర్కారు దవాఖానకు సుత తీస్కపో. గిది నాకోసం, గది బిడ్డకోసం." పటేల్ మనిషి దగ్గెటోడు. స్వామి సుత దగ్గెటోడు. రోగం ఉన్నదని బోర్డు ఉండె గద.

జనం పోయినంక ఆయన కాళ్లు తుడుసుడు నా పని. మొదటినాడు తుడవబోయి జడుసుకున్న. ఏండ్లకేండ్లు పాలు, నీళ్లు పోయించుకొని కాలి ఏళ్ల సందులన్నీ తెల్లగ ఒరిసిపోయినయ్. కొబ్బరినూనె రాస్తుంటే చుర్రుమన్నట్టుంది, పండ్లు గిట్టగర్సుకున్నడు. "లోకమంత గీ కాళ్లనే మొక్కుతది," అన్నడు, "ఒక్కడన్న వంగి సూడడు." నేను పగులవడి నవ్విన. ఆయన నవ్వలే.

ఆ మాపటికే, ఎవ్వరూ లేంది సూసి తన ముచ్చట చెప్పిండు. చిన్నప్పుడే ఆయనను తెచ్చి పట్టం గట్టిండ్రట. కొన్నాళ్లకు తల్లి సూడనీకి వచ్చింది. దూరం నుంచి నడిసొచ్చిందట, కొంగుల ఏదో మూట గట్టుకొని. వరుసల నిలవడి, తన వంతు రాంగనే వంగి కొడుకు కాళ్లు మొక్కింది. "నేను లేవలేదు రా. లేవద్దని నేర్పిండ్రు. పక్కకు సూడొద్దని నేర్పిండ్రు. ఆమె మూట ఇప్పకుంటనే పోయింది. అండ్ల ఏమున్నదో ఇంతవరకు నాకు తెల్వది." ఆ తర్వాత, ఏదో మామూలు మాట అడిగినట్టు, "మీ అమ్మ బాగున్నదా?" అన్నడు.

పట్టానికి రోజు కుదిరింది. పటేల్ నాతోని నాలుగు మాటలు బట్టీ వట్టించిండు. పట్టం గాంగనే మైకుల చెప్పాలె: కంపెనీ మనకు అన్నం వెడుతున్నది, కొట్లాటలు పాపం, శాంతిగుండుడే ధర్మం. నేను అద్దం ముందల నిలవడి చేతులు తిప్పుకుంట చెప్పుకున్న. నిజం చెప్పాలంటే మంచిగనే కుదిరింది. గొంతు ఉన్నది గద. అంతల పెద్దస్వామి కమిటీకి ఒక ముచ్చట జెప్పిండు: "మొదటి పాదపూజ తల్లి చెయ్యాలె. మా గురువు వెట్టిన రివాజు." గసుమంటి రివాజు ఎవ్వరూ ఎరుగరు. పటేల్ మాత్రం సంబురపడ్డడు. "ఫోటో మస్తుగొస్తది," అన్నడు, పేపరోళ్లను సుత పిలిసిండు.

ఆ రోజు పందిరి నిండ జనం. ముందు వరుసల కంపెనీ సార్లు, తలకాయల మీద టోపీలు లేకున్నా ఎవరెవరో తెలుస్తనే ఉండె, ముక్కుకు రుమాలు పట్టుకున్నోళ్లు వాళ్లే. నన్ను పొద్దటి సంది పీట మీద కూసోవెట్టిండ్రు. మైకు నా మూతి కాడనే. అమ్మను తోలుకొచ్చిండ్రు. పెండ్లినాటి చీర కట్టింది, మడతల కాడ రంగు పోయింది. ఇత్తడి తాంబాళంల నా కాళ్లు వెట్టిచ్చి పాలు పోసింది. ఇంట్ల చాయిలకు లేని పాలు. మొఖం ఎత్తలే. నన్ను సూస్తే తప్పైతదేమోనన్నట్టు కాళ్లనే సూసింది. తర్వాత వంగి నొసలు నా కాళ్లకు తాకిచ్చి, "శరణు స్వామీ," అన్నది.

స్వామీ! పుట్టిన నాటి సంది నన్ను దున్నపోతా అని తిట్టిన మనిషి! లేద్దామని కాళ్లు గుంజిన. కాళ్లు ఎక్కడియి? పొద్దటి సంది కూసునుడుకు రెండూ తిమ్మిరెక్కి సచ్చినయ్. ఒకటి కదలలే, ఇంకోటి కదలరాని తీరుగ కదిలి తాంబాళాన్ని తన్నింది. పాలన్నీ పోయి పటేల్ తెల్లలాల్చి మీద వడ్డయ్. నేను పీట మీదికెల్లి ఒరిగి అమ్మ మీద పడ్డ. ఇద్దరం పాలమడుగుల కూసున్నం. అమ్మ స్వామిని మర్సింది, పందిరిని మర్సింది, కొంగుతోని నా తలకాయ తుడుసుకుంట, "దెబ్బ తాకిందా బిడ్డా? యాడ తాకింది? చెప్పు రా దున్నపోతా!" అన్నది. మైకు ఆన్‌లనే ఉండె. దున్నపోతు గుట్ట దాకా వినవడ్డది. పందిరంత ఒక్కటే నవ్వు. రుమాలు మూతుల సార్లు సుత నవ్విండ్రు.

పెద్దస్వామి లేచిండు. పుస్తకం గొంతుతోని, "తల్లి బంధం తెగలేదు. వీడు పీఠానికి పనికిరాడు. తీస్కపో తల్లీ నీ కొడుకును," అన్నడు. పటేల్ లాల్చి పిండుకుంట, "స్వామీ, జెర ఆలోచన చెయ్యిండ్రి," అని బతిలాడిండు. "నాకు ఆరోగ్యం బాగలేదు పటేలా," అన్నడు స్వామి, "ఆలోచన చేస్తే పెరుగుతది."

ఇంటికి పోయేదాక అమ్మ ఏడ్సింది, సిగ్గుకో సంతోషానికో నాకు తెల్వది. బాపు నాతోని మస్తు దినాలు మాట్లాడలే. కథ గిక్కడ ఆగితే బాగుండు. ఆగలేదు. పటేల్ తెలివిగల్లోడు. ఈసారి తల్లి లేని పోరన్ని దేవులాడి తెచ్చిండు. ఆ పోరడు లేవలేదు, కాలు గుంజలేదు, బట్టీవట్టిన నాలుగు మాటలు నాకంటె మంచిగ చెప్పిండు. శాంతిగుండుడే ధర్మమన్నడు. ఊరు ఇన్నది. గేటు కాడ ఎవ్వరూ కూసోలే. బోర్లు ఒకదానెంబడి ఒకటి చెడినయ్, నీళ్ల ట్యాంకరు వచ్చుడు మొదలైంది, బాపు పొలం ప్లాట్లయ్యింది. నేను అదే కంపెనీల బాయిలర్ కాడ పర్మినెంట్ అయిన. నా లెక్కనే ఆ పోరడు సుత కొలువుల కుదిరిండని నన్ను నేను సమ్దాయించుకున్న. ఇద్దరం పొగ దగ్గరనే గద.

నా పెండ్లయినంక ఒకసారి పెద్దస్వామిని సూడవోయిన. మఠం వెనుక రేకుల అర్రల ఉంచిండ్రు. బోర్డు అవసరమే లేకుండె, నిజంగనే రోగం వచ్చింది. "రివాజు మీ గురువు వెట్టిందేనా స్వామీ?" అని అడిగిన. "మా గురువు నాకు కూసునుడొక్కటే నేర్పిండు," అని నవ్విండు. గట్లనే నా చెయ్యి వట్టుకొని, "ఒక్క పని చేస్తవా? నన్ను పేరు వెట్టి పిలువు. పట్టం గట్టిన నాటి సంది ఎవ్వరూ పిలువలేదు. పిలిసేటోళ్లందరు పోయిండ్రు," అని చెవుల తన పేరు చెప్పిండు. రెండచ్చరాల పేరు. పొలాలల్ల బర్రెల కాడ కేకేసి పిలిసే పేరు.

నోరు తెరిసిన. నాలుక మళ్లలే. చివరికి, "స్వామీ..." అన్న. ఆయన నా చెయ్యి తట్టి, "పోనీ తియ్యి, నువ్వు మంచిగనే కూసున్నవ్ పో," అన్నడు.

ఊరందరి ముందల పాలు తన్నినోన్ని, ఒక్క ముసలాయన ముందల ఒక్క పేరు పలుకలేకపోయిన. ఇప్పుడు నా తల నెరిసింది, మోకాళ్లు పట్టేసినయ్. బాల్కనీల ఒక్కన్నే ఉన్నప్పుడు ఆ పేరు మెల్లగ పిలిసి సూస్తుంట. మంచిగనే వస్తది నోటికి. మా ఇంటామె లోపలికెల్లి, "ఎవర్ని పిలుస్తున్నవయ్యా?" అంటది. "దోస్తును," అంట. ఆ పేరు మాత్రం ఇక్కడ రాస్తలేను. పిలువుమన్ననాడు పిలువనోన్ని, ఇప్పుడు రాసుడెందుకు?