చేపల కాగితం మీద చదువు

రాజధాని డకార్‌లో కెమెరా పని నేర్చుకున్న సీగా సొంతూరు జోవాల్‌కు తిరిగొచ్చి, రేవులో పొయ్యిల మీద చేపలకు పొగబెట్టి అమ్మే తల్లి యాండే మీదే సినిమా మొదలుపెట్టింది.

"తీయడానికి ఊళ్లో ఇన్ని పెళ్లిళ్లుండగా ఈ నీచుకంపు ఎవరిక్కావాలే?" అని యాండే విసుక్కుంది. అయినా పని చేసుకుంటూనే కబుర్లు చెప్పింది. ఒకరోజు చేపలు చుట్టే పాత పత్రిక తీసి గడగడా చదివేసింది.

సీగా నిర్ఘాంతపోయింది. "బడికెప్పుడెళ్లావమ్మా?"

"వెళ్లనిస్తేగా. మీ అన్న పాఠాలు వల్లిస్తుంటే విని, ఈ కాగితాల మీద అక్షరాలు కూడబలుక్కున్నాను. నవ్వుతారని ఎవరికీ చెప్పలేదు."

శుక్రవారం సాయంత్రం ఆ సినిమాను రేవు గోడ మీద వేశారు. తాను చదివే చోటు రాగానే యాండే ముఖమ్మీదికి ముసుగు లాక్కుంది. ఎవరూ నవ్వలేదు.

మర్నాడు పొద్దున్నే నలుగురు ఆడవాళ్లు పొయ్యిల దగ్గరికొచ్చారు. "మాకూ నేర్పవే యాండే," అంది అందరిలో పెద్దావిడ.

యాండే చేతులు తుడుచుకుని వాళ్లకు చోటిచ్చింది. తన రెండో సినిమా ఏదో సీగాకు అప్పుడే తెలిసిపోయింది.