వరదకు ముందు మౌనం

సహోదరులారా, మా మేనమామ మొన్న మధ్యాహ్నం పాకాలలో కన్నుమూశారు. మద్రాసులో సినిమాలకు సంగీతం కట్టిన మనిషి. ఆ మాట వింటేనే ముఖం తిప్పుకునేవాళ్లు మన సంఘంలో ఉన్నారు. వాళ్లూ చదవాలనే రాస్తున్నాను.

మిషను బడి హార్మోనియం మీద నేర్చుకున్న విద్య ఆయనది. పాటలు కట్టింది తిండికోసం. ప్రాణం పెట్టింది మాత్రం పాటల నడుమ భయపు ఘట్టాలకు కట్టే సంగీతానికి. వీణ మంద్రపు తీగ ఒక్కటి మీటించి, అది ఆరిపోయేదాకా ఎవరినీ కదలనిచ్చేవారు కాదు. "భయం తప్పెటలో లేదు అల్లుడా, తప్పెట నిలిచిపోయిన సోట ఉండాది" అనేవారు.

యుద్ధభయంతో మద్రాసు ఖాళీ అవుతున్న రోజుల్లో ఆయన సంగీతం కట్టిన చివరి సినిమా పాకాల డేరా టాకీసులో ఆడింది. తెరమీద ఏటి ఒడ్డు గుడిసెలో ఒక తల్లి బిడ్డకు అన్నం కలుపుతుంటుంది. వరద వస్తోందని ఆమెకు తెలియదు. అక్కడ మామ వాద్యాలన్నీ ఆపేశారు. డేరాలో దగ్గు కూడా లేదు. మద్రాసు నుంచి పారిపోయి వచ్చినవాళ్లు తెర వదిలేసి, బాంబు విమానాలు వస్తున్నాయేమోనని పైకి చూశారు. ఇంతలో ప్రొజెక్టరు నడిపేవాడు స్పీకరు చెడిందనుకుని రీలు ఆపి, పెట్రోమాక్స్ వెలిగించాడు. ఈలలు, నవ్వులు.

పెట్టుబడి పెట్టిన చిత్తూరు షావుకారు అక్కడే ఉన్నాడు. "ఏమప్పా, మూగబొమ్మ చేసి పెట్టినావే. ఆడ తప్పెట్లు కొట్టించు. లేదంటే నీకూ నాకూ ఇంతటితో సరి."

"వరదొచ్చే ముందు కప్పలు గూడా నోరు మూసుకుంటాయి షావుకారూ. నేనెవర్ని కొట్టించేదానికి?"

"అయితే కప్పల్తోనే పాడించుకో పో."

ఆ తర్వాత ఏ స్టూడియో ఆయన్ను పిలవలేదు. ఊరికి వచ్చి, వీధిలో నా సువార్త ప్రసంగాలకు హార్మోనియం పట్టారు. తీర్పుదినం మాట దగ్గర నేను గొంతు చించుకుంటే, "అరవబాకురా. బైబుల్లో ఏడో ముద్ర ఇప్పినప్పుడు పరలోకమే గమ్మునుండి పోయిందని నువ్వే గదా సెప్తావు" అనేవారు. ఒకసారి నిజంగానే ఆపాను. కల్లు దుకాణం ముందర మనుషులు ముంతలు దించి, ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఏళ్లుగా అరిచి నేను ఆ చూపు తెప్పించలేకపోయాను.

మొన్న మంచం చుట్టూ చేరి కీర్తన ఎత్తుకున్నాం. మామ చెయ్యి లేపి నా నోటిమీద పెట్టారు. అందరం ఆగాం. గదిలో ఆయన ఊపిరి ఒక్కటే వినిపిస్తోంది. లోపలికి వెళ్లింది. బయటికి వచ్చింది. తర్వాతి దానికోసం చూశాం. చెయ్యి జారకుండా నేను పట్టుకున్నాను. అది నా పెదవులమీదే చల్లబడుతున్నా, ఎవరమూ మాట్లాడలేదు.