మేఘచరుల చరిత్రకారుడు

మా త్రినాధరావు జీవితంలో చేసిన అతి పెద్ద ప్రయాణం ఎలమంచిలి. అదీ పెళ్ళిచూపులకి. దారంతా బస్సులో వాంతులు చేసుకుని, మళ్ళీ ఇంకో సంబంధానికి బస్సెక్కే ఓపిక లేక గంగాభవానిని అక్కడికక్కడే ఒప్పేసుకున్నాడని మా బెల్లం మార్కెట్లో చెప్పుకుంటారు. అలాంటివాడు దేశదిమ్మరి జాతుల మీద పెద్ద పండితుడు. అనకాపల్లిలో ఆ విషయం తెలియని వాళ్ళుంటే, అతనే ఆపి మరీ చెప్పేవాడు.

ఇద్దరం ఒకే కొట్టులో గుమస్తాలం. అతను కాటా దగ్గర కూర్చునేవాడు. బెల్లం దిమ్మలు కాటా మీద ఉండేవి, మనసు ధూమ్రద్వీపంలో ఉండేది. ఆ ద్వీపం అతను కనిపెట్టిందే. అందులో మేఘచరులనే జాతి ఉంది. వాళ్ళు ఇళ్ళు కట్టుకోరు, వానమబ్బు ఎటు పోతే అటు పోతారు. కుండలో నిప్పు మోసుకు తిరుగుతారు, ఆ నిప్పు ఏడు వందల ఏళ్ళుగా ఆరలేదు. మకాం ఎత్తేటప్పుడు వెనక్కి తిరిగి చూసినవాణ్ణి వెలివేస్తారు. వాళ్ళకి తొమ్మండుగురు రాజులు, మూడు యుద్ధాలు, సొంత లిపి ఉన్నాయి. ఇదంతా ఊళ్ళో అచ్చయ్యే ఒక చిన్న వారపత్రికలో సీరియల్‌గా వచ్చేది.

"వానమబ్బు కింద తిరిగేవాళ్ళ నిప్పు ఏడొందల ఏళ్ళు ఆరకపోడమేటి?" అని ఒకసారి అడిగాను.

"నీకు సాహిత్యం తెలీదు బావా" అన్నాడు.

నిజమే. నాకు వాన మాత్రమే తెలుసు.

రెండు వేల నాలుగు జూన్‌లో ఒక రోజు నేను త్రినాధరావు ఇంట్లో ఉండగా పైడితల్లి వచ్చింది. అరిగిపోయిన రోళ్ళని, తిరగళ్ళని ఉలితో గరుకు చేస్తూ ఊరూరా తిరిగే మనిషి. గొలుగొండ నుంచి ఎలమంచిలి దాకా ఆమె నడవని ఊరు లేదు. మిక్సీలొచ్చాక ఆ పనికి పిలిచేవాళ్ళు తగ్గిపోయారు. అయినా ఆమె ఆ రోజు పని కోసం రాలేదు. కూతురు కుమారి పదో తరగతి ఫస్టు క్లాసులో పాసైంది. వాళ్ళవాళ్ళలో అంతదాకా చదివిన మొదటి పిల్ల. ఇంటరులో చేరాలంటే హాస్టలు సీటు కావాలి, సీటుకి కులం సర్టిఫికెట్ కావాలి. ఇల్లూ వాకిలీ లేనివాళ్ళకి సర్టిఫికెట్ ఎలా ఇస్తామంది మండలాఫీసు. మీ ఆచారాలేమిటి, ఎన్నాళ్ళుగా ఈ చుట్టుపక్కల తిరుగుతున్నారు, రాసి తెమ్మన్నారు.

"రాసే బాబు ఈయనేనంట గదా" అంది పైడితల్లి నాతో.

త్రినాధరావు పెరట్లో కుర్చీ వేసుకుని, పాత రుబ్బురోలు మీద కాళ్ళు చాపుకుని రాసుకుంటున్నాడు. ఆమె చూపు ఆ రోలు మీద పడింది. వంగి, అంచు కింద వేలితో తడిమింది.

"ఇది మా తాత పోతన్న గుర్తు బాబూ. మూడు గీతలు, మజ్జిన సేప. మాలో ఒక్కో ఇంటికి ఒక్కో గుర్తు. పని సేసిన రాయికి గుర్తెడతాం. ఆ గుర్తున్న రోలు ఇంకో ఇంటోళ్ళు ముట్టరు. ఇది కూడా రాయండి."

"అలాగే అలాగే" అని కాళ్ళు తీశాడు. ఆమె వెళ్ళగానే మళ్ళీ చాపాడు.

వారం రోజులు కొట్టుకి సెలవు పెట్టి నలభై పేజీలు రాశాడు. నాకు చదివి వినిపించాడు. పైడితల్లి వాళ్ళు కుండలో నిప్పు మోస్తారట. వెనక్కి తిరిగి చూడరట. ఏనాడో శాపం తగిలిన శిల్పుల సంతతట.

"మరి రోలు గుర్తు మాటేటి?" అన్నాను.

"రోలు గురించి ఎవడు చదువుతాడు బావా? చరిత్ర అంటే గుండె ఝల్లుమనాలి."

ఝల్లుమంది. విచారణకి వచ్చిన ఆఫీసరు నలభై పేజీలూ చదివి, ముచ్చటపడి, పైడితల్లిని ఆ నిప్పుకుండ చూపించమన్నాడు.

"కుండలో నిప్పేటి బాబూ, అగ్గిపెట్టె ఉండగా?" అంది ఆమె.

"పోనీ, మకాం మార్చేటప్పుడు వెనక్కి చూడరా?"

"సూడకపోతే గిన్నెలు మర్సిపోమా?"

అబద్ధమాడినా అతికినట్టుండాలంటారు. ఆఫీసరు కాగితాలు మడిచి, ఆచారాలు సరిపోలేదని రాసి వెళ్ళిపోయాడు. దేశదిమ్మరులకి ఉండాల్సిన లక్షణాలు పైడితల్లికి లేవని తేలింది. కాళ్ళకి చెప్పులు కూడా లేవు, ఆ సంగతి ఎవరూ రాసుకోలేదు.

పైడితల్లి అనాల్సినవన్నీ గంగాభవాని అంది.

"కల్లో జాతికి రాజుల్ని పెట్టేవు. కళ్ళ ముందున్న ఆడమనిషి నోటంట వచ్చిన నాలుగు ముక్కలు రాయలేకపోయేవా? లెగు, ఆ రోలు ఎత్తు!"

కలం కంటే బరువైనది ఎత్తని మనిషి ఆ రోజు రోలు ఎత్తాడు. రెండో వైపు నేను పట్టాను. రిక్షాలో ఆఫీసుకి తీసుకెళ్ళి మెట్ల మీద దించేసరికి నా నడుము పట్టేసింది. రోట్లో తల పెట్టాక రోకటిపోటుకి వెరవకూడదు కాబట్టి నోరు మూసుకున్నాను. పైడితల్లి ఉలి తీసి అక్కడే ఒక రాతి పలక మీద గుర్తు చెక్కింది. మూడు గీతలు, మధ్యలో చేప. ఆఫీసరు దిగొచ్చి రెండూ పక్కపక్కన చూశాడు. ఆ రోలు తన అత్తగారి పెళ్ళినాటిదని, దానికి గంట్లు కొట్టింది పోతన్నేనని అత్తగారు చెప్పేవారని గంగాభవాని రాసిచ్చింది. "ఇదేదో మొదటే చెప్పొచ్చు కదమ్మా" అన్నాడు ఆఫీసరు. పైడితల్లి త్రినాధరావు వైపు చూడలేదు. నేను చూశాను.

సర్టిఫికెట్ పైడితల్లి చేతికి, రోలు మళ్ళీ పెరట్లోకి వచ్చాయి. హాస్టలు సీట్లు రెండు రోజుల ముందే నిండిపోయాయి. వచ్చే ఏడాది రమ్మన్నారు.

ఆ ఆదివారం కుమారి ఒక్కతే వచ్చింది. అంతకుముందు త్రినాధరావు ఇచ్చిన వారపత్రికల కట్ట తిరిగిచ్చేయడానికి. తల్లితో పాటు మర్నాడు నర్సీపట్నం వైపు పోతోందట. నాకు త్రినాధరావు మీద ఎంత కోపంగా ఉందంటే, అతను పోసిన టీ కూడా ముట్టలేదు.

"బాగుందా కథ?" అన్నాడతను. అడక్కుండా ఉండలేడు, రచయిత కదా.

"ఇరవై రెండు వారాలూ సదివేనండి. రాజులున్నారు, యుద్ధాలున్నాయి. లిపి కూడా ఉందని రాసేరు." పిల్ల కట్టకి తాడు బిగించింది. "ఒక్కటే అర్థం కాలేదు మాస్టారూ. ఆ పిల్లలకి ఆ లిపి ఎవరు నేర్పుతారండి? ఎక్కడ సదుంకుంటారు?"

త్రినాధరావు నా వైపు చూశాడు. నేను గోడ వైపు చూశాను. కుమారి కట్ట రోలు మీద పెట్టి వెళ్ళిపోయింది.

ఆ వారం సీరియల్ రాలేదు.