బెనెదీతా అన్న మాట

జెనైది కొత్త సినిమా రాస్తోందంటే మా పేటలో వంటలు ఆలస్యమయ్యేవి. రెసిఫే నగరం అంచున, బురదలో కర్రలు పాతి కట్టుకున్న ఇళ్లు మావి. జెనైది కాగితాల కట్ట చంకలో పెట్టుకుని ఏదో ఒక వంటింట్లోకి జొరబడేది. పీతలు ఒలుస్తున్న ఆడవాళ్ల మధ్య చతికిలబడి రాసింది చదివేది.

"ఇట్లా ఎవరు మాట్లాడతారే తల్లీ? పాదిరీ గారా?" అని వాళ్లు నవ్వితే ఆ మాట కొట్టేసి, వాళ్లన్నదే రాసుకునేది. టీచరు ఉద్యోగం వదులుకున్న పిచ్చిదన్నారు చాలామంది. నేననలేదు. ఆమె సినిమాలకు శబ్దం రికార్డు చేసింది నేనే.

సైన్యం ఏలుతున్న రోజులవి. మా ఇళ్లు కూల్చడం మీద ఆమె రాసిన సినిమాకు ప్రాణమంతా ఒక్క చోటే ఉంది. భర్త పోయిన బెనెదీతా గుమ్మంలో నిలబడి, ఇల్లు కూల్చడానికొచ్చిన అధికారితో అంటుంది: "ఈ నేల మేం బుట్టలతో మోసి పోసుకున్నది. కదిలేది మేం కాదు." ఆ మాట జనానికి వినపడాలి, జెనైదికి ఇంకేమీ అక్కర్లేదు.

మాంసం పీక్కుతినే పిరాన్యా చేపలున్న ఏరు దాటేటప్పుడు పశువుల కాపరులు ఒక ముసలి ఎద్దును ముందు వదులుతారు. చేపలు దాని మీద పడితే మంద మరోచోట దాటిపోతుంది. సినిమాలు రాసేవాళ్లు సెన్సారుకూ అలాంటి ఎద్దునొకటి వదిలేవారు. జెనైది వదిలిన ఎద్దు, తలమీద టోపీ ఒక్కటే పెట్టుకుని స్నానాల తొట్టిలో గంతులేసే మేయరు.

"మేయర్ని కోసుకుని సంబరపడతారు. మనం దాటేస్తాం" అంది.

తీరా చూస్తే సెన్సారాయనకు మేయరు తెగ నచ్చేశాడు. కడుపుబ్బ నవ్వి, బెనెదీతా మాట తుడిపించేశాడు. బొమ్మ ఉంది, శబ్దం లేదు. నాకు ఒళ్లు మండిపోయింది.

"ఆ సీను తీసేద్దాం జెనైదీ, లేదా మెత్తని మాటేదైనా అతికిద్దాం" అన్నాడు డైరెక్టరు ఒతోనియెల్. "ఉత్త పెదాలు కదిలితే జనం నవ్వుతారు."

"మెత్తగా మాట్లాడటం నీకు అలవాటేమో, బెనెదీతాకు లేదు. ముట్టుకున్నావంటే నా పేరు తీసెయ్."

మొదటి ఆట మా పేట చర్చి హాల్లోనే వేశాం. పోలీసు అధికారి వెనక గోడకు ఆనుకుని నిలబడ్డాడు. మేయరు గంతులకు అతనూ నవ్వాడు. ఆ తర్వాత బెనెదీతా గుమ్మంలోకొచ్చింది. పెదాలు కదిలాయి, స్పీకరు పలకలేదు.

ముందు బెంచీలోంచి పీతలమ్మే క్రెమిల్దా ఆ మాట అంది. ఆమె వెనక హాలంతా అంది. తమ వంటింట్లో తాము దిద్దిన మాట ఎవరు మర్చిపోతారు? నాకు ఏడుపొచ్చేసింది.

అధికారి లైట్లు వేయించాడు. "ఎవరన్నారది?"

జెనైది లేచింది. "సినిమాలో ఎవరూ అనలేదు సార్. మీవాళ్లే తుడిపేశారు కదా."

"నేనడిగేది ఈ హాల్లో."

"హాల్లోనా? అందరం అన్నాం. రాసింది నేను. ఎవరితో మొదలెడతారు?"

ఆమెతోనే మొదలెట్టాడు. చెయ్యి పట్టుకుని బయటికి తీసుకుపోయి జీపెక్కించాడు. ఆగిన రీలు మళ్లీ ఎక్కించేదాకా మేం హాల్లో కూర్చోలేదు. అందరం బయటికొచ్చి జీపు ముందు నిలబడి, ఆమెకు వినపడేలా ఆ మాట ఇంకోసారి అన్నాం.