పజుండౌంగ్ పోటోదొర

హైక్ మనూకియన్ అన్న పేరు మా పేటలో ఎవరి నోటా తిరగలేదు. అందుకని అందరూ ఆయన్ని పోటోదొర అన్నారు. "నేను దొరని కాను మొర్రో" అని ఆయన మొత్తుకునేవాడు. తెల్లగా ఉన్నాడు, టోపీ పెట్టాడు, ఇంక దొర కాకపోవడమేమిటని మా అత్తగారు వెంకమ్మ కొట్టిపారేసేది.

బర్మాలో, మనవాళ్ళు రంగం అనే రంగూన్‌లో, పజుండౌంగ్ వాగు పక్క బియ్యం మిల్లుల్లో బస్తాలు మోసే మనవైపు వాళ్ళకి మా అత్తగారు పూటకూళ్ళ ఇల్లు నడిపేది. ఆవిడ ఒక్కగానొక్క కొడుకుని కట్టుకున్న పాపానికి వంట నాది, పెత్తనం ఆవిడది. 1924లో వానలు పడకముందు మేడమీది గది అద్దెకి కావాలంటూ ఈయన వచ్చాడు. "ఏటి తింటాడో" అని ఆవిడ ముందు అనుమానపడింది. ఎండుచేపల పులుసు మళ్ళీ మళ్ళీ అడిగి పోయించుకున్నాక "మనిసి మంచోడే" అని తేల్చేసింది.

ఆయన పుట్టింది టర్కీ సుల్తాను రాజ్యంలో, ఆర్మేనియావాళ్ళ ఊళ్ళో. చిన్నప్పుడే మేనమామ వెంట అమెరికా వెళ్ళి, చెప్పుల ఫ్యాక్టరీలో మేకులు కొట్టి, తర్వాత ఒక పత్రికాఫీసులో కెమెరా పెట్టె మోసి, చివరికి తనే కెమెరా పట్టాడు. బోస్టన్‌లో ఎక్కడ ఇల్లు తగలబడినా మంటలార్పేవాళ్ళకంటే ముందు ఈయనే ఉండేవాడట. ఒకసారి కనుబొమలు కాలిపోయాయని, పత్రికవాళ్ళు మంటల బొమ్మ మెచ్చుకున్నారు గానీ కనుబొమల సంగతి అడగనైనా లేదని పగలబడి నవ్వేవాడు. రంగంలో ఆర్మేనియావాళ్ళ చర్చి ఉందనీ, తమవాళ్ళు కొందరున్నారనీ విని, ఒక అమెరికా పత్రికకి బొమ్మలు పంపే ఒప్పందం మీద ఓడెక్కాడు. తెలుగు మాత్రం మా మిల్లు కూలీల దగ్గరే నేర్చాడు. కళ్ళు మూసుకుని వింటే ఎవరో కళింగపట్నం రేవులో మాట్లాడుతున్నట్టుండేది.

ఏడాది తిరిగేసరికి పత్రికవాళ్ళకి పగోడాల బొమ్మలు మొహం మొత్తాయి. మిల్లుల్లో పనిచేసే మనుషులు కావాలన్నారు. వానలు వెనకబట్టేలోగా పంపకపోతే షాంఘై వెళ్ళిపొమ్మన్నారు. ఆయనకి వెళ్ళాలని లేదు, మాకూ పంపాలని లేదు. అయినా ఫోటోకి నిలబడమంటే ఒక్కరూ నిలబడరు. ఫోటో తీయిస్తే ఆయుష్షు తరిగిపోతుందని మావాళ్ళ భయం. ఆయన మూడుకాళ్ళ స్టాండు నిలబెట్టగానే బెల్లం చుట్టూ ఈగల్లా మూగేవాళ్ళు. నల్లగుడ్డలో తల దూర్చి చూసేసరికి మిల్లు గోడ ఒక్కటే మిగిలేది.

చివరికి బుల్లియ్య ఒప్పుకున్నాడు. రెండు బస్తాలు ఒక్కసారే ఎత్తే వస్తాదు. మీసం మీదున్న మమకారం పెళ్ళాం వీరలక్ష్మి మీద కూడా లేదు. "మీసం బాగా రావాల దొరా" అని షరతు పెట్టి, భుజాన బస్తాతో నిలబడ్డాడు. మర్నాడే నది అవతల దలా మిల్లులో పనుందని, వారందాకా రానని చెప్పి వెళ్ళిపోయాడు.

బొమ్మ దివ్యంగా వచ్చింది. పెద్దగా అచ్చు తీసి, అద్దం కట్టించి, మా వీధరుగు గోడకి వేలాడదీశాడు. అక్కడితో ఆగితే బాగుండును. బట్టలకొట్టు చిన్నబాబుగారి గద్దె వెనక పటానికి రోజూ దండ మారడం ఈయన చూశాడు. ఎవరని అడిగితే "మా నాన్నగారు, మహానుభావుడు" అన్నారట. తెలుగువాళ్ళు గొప్పవాళ్ళ పటాలకి దండలేస్తారని ఈయనకి అర్థమైపోయింది. బుల్లియ్యని మించిన గొప్పవాడెవడు? బంతిపూల దండ వేసి, నుదుట గంధం బొట్టు పెట్టి, కింద అగరొత్తులు వెలిగించి, పక్కన చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

బజారునుంచి వస్తున్న వీరలక్ష్మి చూసింది. చేతిలో బుట్ట జారిపోయింది. "నన్నొగ్గీసి ఎల్లిపోనావా మావా!" అన్న అరుపుకి వాగు అవతలివాళ్ళు కూడా బయటికొచ్చారు. మా అత్తగారు గుండెలు బాదుకుంటూ వచ్చి, మైల అంటూ అప్పుడే దింపిన అన్నమంతా పారబోయించింది. నా ఏడుపు సగం అందుకే. దలాలో బస్తాల గుట్ట మీద పడిందట అని ఒకడు, కాదు పడవలోంచి జారాడట అని ఇంకొకడు, కళ్ళారా చూసినట్టే చెప్పారు.

పోటోదొరకి కళ్ళు చెమర్చాయి. తన బొమ్మ చూసి జనం ఇంతలా కదిలిపోవడం బోస్టన్‌లో కూడా ఎరగడు. ఒక్కొక్కరికీ వంగి దణ్ణం పెట్టాడు.

"పోటో తీసి సంపీసి, పైగా దణ్ణాలెడతన్నాడ్రా!" అని మేస్త్రీ గోవిందు చొక్కా చేతులు పైకి మడిచాడు.

సరిగ్గా అప్పుడే దలానుంచి బుల్లియ్య పడవ దిగాడు. అక్కడి పని ముందే తేలిపోయింది. ఏడుపులు వినబడేసరికి, మర్యాద తెలిసినవాడు గనక, తలగుడ్డ నోటికి అడ్డం పెట్టుకుని తనూ ఏడుపందుకున్నాడు. జనంలో దూరి మా అత్తగారి పక్కన కూలబడి అడిగాడు.

"ఎవులు పోనారు పిన్నీ?"

"నువ్వేరా నాయినా!" అని ఆవిడ తలెత్తకుండానే రాగం తీసింది.

వీరలక్ష్మి తలెత్తింది. ముందు మొగుణ్ణి పట్టుకుని ఏడ్చింది. తర్వాత కిందపడ్డ కూరల్లోంచి ములక్కాడ ఏరి వీపు మీద నాలుగు వడ్డించింది.

దండ పోయినవాళ్ళ పటాలకే వేస్తారని దొరకి అప్పుడు తెలిసింది. మేడెక్కి కెమెరా పెట్టెలో సర్దుకోవడం మొదలెట్టాడు. "ఇంక నా ముందర ఎవులు నిలబడతారమ్మా? సాంగై పోతాను" అన్నాడు నాతో.

కింద మా అత్తగారి గొంతు లేచింది. "ఒరే, బతికున్నోడి సావుకబురు వొస్తే ఆయుస్సు రెట్టింపని మీ అమ్మలు సెప్పనేదేట్రా? బుల్లిగాడికిప్పుడు నిండు నూరేళ్ళు. ఆ పోటో వల్లే గదా!"

ఆవిడ అది నమ్మే అందో, దొర వెళ్ళిపోతాడన్న బెంగతో అందో నాకిప్పటికీ తెలీదు. మర్నాటికి మాత్రం మా అరుగు ముందు జాతర. అంతదూరాన ఉన్న ఇన్సేన్ రైలు షెడ్డునుంచి కూడా వచ్చారు. అందరికంటే ముందు గోవిందు. "నాకూ ఓ దండెయ్యి దొరా" అని ఒకటే బతిమాలడం. బొమ్మలు అమెరికా వెళ్ళాయి, పత్రికలో పడ్డాయి, షాంఘై మాట మళ్ళీ రాలేదు.

మా అత్తగారు ఒక్కత్తే కెమెరాకి దొరకలేదు. ఒక ఆదివారం పొద్దున్న అందరూ గుంపుగా ఫోటోకి నిలబడ్డారు. మధ్యలో కూర్చోమని దొర ఆవిడ కాళ్ళావేళ్ళా పడ్డాడు.

"ముందు మీ అమ్మ పోటో సూపించు. అప్పుడు కూకుంటాను" అందావిడ.

ఆయన నల్లగుడ్డలోంచి తల తీశాడు. "నేదు. యుద్ధంలో సుల్తాను సిపాయిలు మా ఊరోల్లందర్నీ ఎడారిలోకి నడిపించుకుపోనారు. ఒక్కలూ తిరిగి రానేదు. పోటో ఒక్కటీ మిగల్నేదు. అమ్మ మొకం సరిగ్గా గేపకం రావట్నేదు పిన్నీ." అందుకే కనబడ్డ ముఖాన్నల్లా తీస్తూ తిరుగుతున్నానన్నాడు.

మా అత్తగారు కొంగుతో ముఖం తుడుచుకుని, వచ్చి కుర్చీలో కూర్చుంది. గోవిందుని పక్కకి తోసి చోటు చేసింది. "రా, ఇక్కడ నిలబడు."

"మరి బొమ్మ ఎవులు తీస్తారు?"

"నా కోడలు తీస్తాది. గంజి వార్చడం కంటే కష్టమేటి?"

కెమెరాకి గొట్టంతో తగిలించిన రబ్బరు బంతి నేనే నొక్కాను. కంగారులో కాలు స్టాండుకి తగిలి బొమ్మ కాస్త అలుక్కుపోయింది. ఊరూరా తిరిగి అందరి ముఖాలూ తీసిన మనిషికి, తను నలుగురి మధ్య ఉన్న బొమ్మ అదొక్కటేనట. దాన్ని ఆయన పత్రికకి పంపలేదు. మా వంటింటి గోడకి కట్టాడు.

కొత్తగా ఓడ దిగి భోజనానికొచ్చినవాళ్ళెవరైనా దాన్ని చూసి, "మీ మద్దిని ఆ తెల్లోడెవుడమ్మా?" అని అడిగితే, మా అత్తగారు వడ్డన ఆపి అటు చూసేది.

"తెల్లోడేటి?" అనేది. "ఆడు మా పెద్దోడు."