సూపరింటెండెంటు గారి దేశాన్వేషణ

నీటి సరఫరా ఆఫీసులో సూపరింటెండెంటుగా రిటైరైన కొద్ది రోజులకే ఆయనకు దేశం అసలు స్వరూపం కనిపెట్టాలన్న బుద్ధి పుట్టింది. ఉద్యోగమంతా ఒకే కుర్చీలో గడిపినవాడికి ఉన్నట్టుండి దేశం మీద బెంగ పట్టుకోవడం వింతేమీ కాదు. పాత కారుకు కొత్త టైర్లు వేయించి, పుస్తకం రాస్తున్నానని నలుగురికీ చాటి, భార్యను వెంటబెట్టుకుని బయలుదేరాడు.

ఆవిడకు దేశంతో పని లేదు. దారి చివర ఊళ్ళో మంచాన పడ్డ అక్క ఉంది.

"అక్క నన్నే కలవరిస్తోందట. ముందు అక్కడికి వెళ్దామండీ. తర్వాత మీ దేశాన్ని తీరిగ్గా వెతుక్కోండి."

"దారిలోనేగా!" అన్నాడాయన.

ప్రతి ఊళ్ళోనూ కారాపి, ఇస్త్రీ చొక్కా జేబులో పెన్నుతో దిగి, "మన దేశమంటే ఏమిటనుకుంటున్నారు?" అని అడిగేవాడు. జనం ఆ వాలకం చూసి పై ఆఫీసు నుంచి తనిఖీకి వచ్చాడనుకున్నారు. మంగలి మురుగుకాలువ చూపించాడు. కుట్టుమిషనావిడ కుళాయి తిప్పి, అందులో వచ్చే గాలి చప్పుడు వినిపించింది. నేను తనిఖీకి వచ్చినవాణ్ణి కానని చెప్పడానికి ఆయనకు నోరు రాలేదు. రిటైరయ్యాక తనను చూసి మనుషులు లేచి నిలబడటం అదే మొదలు మరి! కుర్చీ వేశారు, టీ తెచ్చారు. ఆయన గంభీరంగా తలాడిస్తూ కుళాయిలు తట్టాడు, ఒకచోట ట్యాంకు కూడా ఎక్కాడు. ఒక్కపూట ఆగుదామనుకున్న ఊళ్ళో వారం తిష్ట వేశాడు.

"అక్క..." అని ఆవిడ గుర్తు చేస్తే, "జనం నాడి ఇప్పుడిప్పుడే దొరుకుతోందే, కాస్త ఓపిక పట్టు!" అని కసురుకున్నాడు.

చివరికి అసలు తనిఖీ అధికారి వస్తున్నాడని తెలిసి, దేశం సంగతి అంతటితో కట్టిపెట్టి, చెప్పాపెట్టకుండా కారు తీశాడు.

అక్కగారింట్లో కోడలు ఎదురొచ్చింది. "మొన్నటిదాకా మిమ్మల్నే అడిగేవారు చిన్నత్తయ్యా. ఇప్పుడు ఎవరినీ పోల్చుకోవడం లేదు."

ఆవిడ వెళ్ళి మంచం పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంది. అక్క ఆ ముఖంలోకి మర్యాదగా చూసి, "ఎవరమ్మా మీరు? కూర్చోండి" అంది.

చెల్లెలు దిండు పక్కనున్న దువ్వెన అందుకుంది. గుమ్మంలో ఉన్న ఆయనకు తల కొట్టేసినట్టయింది. "రేపు పొద్దున బయలుదేరదామా?" అన్నాడు.

"మీరు వెళ్ళిరండి," అంది ఆవిడ, అక్క చిక్కుజుట్టు విడదీస్తూ. "దేశమంతా తిరగండి. నేను అక్కకు నా పేరు చెబుతూ ఇక్కడే కూర్చుంటాను. ఎప్పటికైనా గుర్తుపడుతుందేమో."